జాలికీ అర్హత కావాలా?

వెయ్యి అబద్ధాలాడైనా ఒక పెళ్ళి చెయ్యమన్నారు మన పెద్దవాళ్ళు. వామన చరిత్రలో శుక్రాచార్యులవారు బలిచక్రవర్తికి ఇంకా పొడుగాటి జాబితానే అప్పజెప్పారు. ఆడవాళ్ళ విషయంలో, పెళ్ళి సంబంధాల్లో, ప్రాణం మీదికొచ్చినప్పుడు, డబ్బూ పరువూ పోయేటప్పుడు బొంకినా పాపం అంటదని ఆయన తీర్పు. బలి ఆ మాట వినలేదు గానీ మనం శ్రద్ధగా విన్నాం. "మా పిల్ల వంటలో నలుణ్ణి మించిపోయింది" అని మనం చెప్పడం, "మా వాడికి కాఫీ అలవాటైనా లేదండీ" అని వాళ్ళు చెప్పడం, రెండూ అబద్ధాలని రెండిళ్ళవాళ్ళకీ తెలిసే జరిగిపోతుంటాయి. మంచిపని కోసం ఆడిన అబద్ధం అబద్ధం కాదన్నది మన ఇళ్ళల్లో ఎవరూ కాగితం మీద పెట్టని చట్టం.

సరే, పెళ్ళికి చెల్లిన నియమం చరిత్రకి కూడా చెల్లుతుందా? అన్యాయంగా ప్రాణాలు పోగొట్టుకున్నవాళ్ళ కోసం లోకం చేత కన్నీళ్ళు పెట్టించాలని, జరగని సంగతిని జరిగినట్టు చూపిస్తే అది పుణ్యమా, పాపమా?

ఈ ప్రశ్న నాకు పాత మూకీ సినిమాలు చూస్తుంటే పుట్టింది. ఒకప్పుడు వీటిని చూడాలంటే ఫిల్మ్ సొసైటీలో సభ్యత్వం ఉండాలి. ఇప్పుడా బాధ లేదు. ఇంట్లో కూర్చుని, ఒళ్ళో చేట పెట్టుకుని కందిపప్పు ఏరుకుంటూ చూసెయ్యొచ్చు. మాటలుండవు గనక కుక్కరు కూతకి డైలాగు వినపడలేదన్న బెంగ కూడా లేదు. వీటిలో నన్ను బాగా పట్టుకున్నవి జనం తిరగబడ్డ కథలు. రాజులూ జమీందార్లూ కాకుండా, గుంపే కథానాయకుడైన సినిమాలు.

వాటిలో అన్నిటికన్నా పేరున్నది 'బాటిల్‌షిప్ పొటెంకిన్'. 1905లో నల్లసముద్రంలో పొటెంకిన్ అనే రష్యన్ యుద్ధనౌక మీద నావికులు తిరగబడ్డారు. కారణం వింటే ఇల్లాళ్ళందరికీ చప్పున అర్థమవుతుంది: వంటకి తెచ్చిన మాంసంలో పురుగులు! ఓడ డాక్టరు చూసి, ఫరవాలేదు, కడిగి వండెయ్యమన్నాడు. తినం అన్నవాళ్ళ మీదికి తుపాకులెత్తారు. ఆ గొడవలో వాకులెంచుక్ అనే నావికుడు చచ్చిపోయాడు. అతని శవాన్ని ఒడెస్సా రేవులో ఉంచితే ఊరు ఊరంతా చూడటానికి కదిలి వచ్చింది. ఇంతవరకూ చరిత్ర.

ఇరవై ఏళ్ళు గడిచాక, ఆ సంవత్సరం జ్ఞాపకార్థం సినిమా తియ్యమని సోవియట్ ప్రభుత్వం ఐసెన్‌స్టీన్ అనే కుర్రవాడికి అప్పగించింది. అతనికి అప్పటికి 27 ఏళ్ళు. 1925 డిసెంబరులో మాస్కోలో సినిమా చూపించాడు. ఒడెస్సాలో ఊళ్ళోంచి రేవుకి దిగే పెద్ద మెట్లవరస ఒకటుంది. 192 మెట్లు. సినిమాలో ఆ మెట్ల మీద జనం నిలబడి ఓడ వైపు చేతులూపుతుంటారు. అంతలో పైనుంచి తెల్లచొక్కాల సైనికులు వరస కట్టి, ఒక్కొక్క మెట్టే దిగుతూ కాలుస్తారు. కిందికి పరుగెడితే అక్కడ గుర్రాల మీద కొసాక్కులు. తొక్కిసలాటలో నలిగిపోయిన కొడుకుని రెండు చేతుల మీదా ఎత్తుకుని ఒక తల్లి, అందరూ కిందికి పరుగెడుతుంటే తానొక్కతే తుపాకులకి ఎదురు నడుస్తుంది. ఇంకో తల్లి పసిబిడ్డని పడుకోబెట్టిన తోపుడుబండికి అడ్డంగా నిలబడి, గుండు తగిలి, కూలబడుతూ తన ఒంటి బరువుతోనే బండిని మెట్లమీదికి నెట్టేస్తుంది. ఆ బండి దొర్లుతూ పోతూ ఉంటుంది...

మా తోడికోడలు నా పక్కన కూర్చుని చూసింది. బండి కదలగానే పమిటచెంగు నోటికి అడ్డం పెట్టుకుంది. సినిమా అయ్యాక నేను మెల్లిగా, "ఇలా పట్టపగలు, మెట్లమీద, వరస కట్టి చంపడం నిజంగా జరగలేదట తెలుసా?" అన్నాను.

"అయితే ఏమిటక్కయ్యా? సీతమ్మ అగ్నిలో దిగుతుంటే ఏడుస్తాం. అప్పుడెవరైనా సాక్ష్యం అడిగారా? కన్నీటికి సాక్షి సంతకాలు కూడా కావాలంటారా మీరు?" అంది.

మంచి మాటే అంది. కొట్టిపారెయ్యడానికి వీల్లేదు. ఆ మాట పట్టుకుని నేను చాలా రోజులు తిరిగాను.

అసలు జరిగింది ఇదీ. ఆ వేసవి రాత్రి ఒడెస్సా రేవులో వేలమంది జనం చేరారు. రేవు కూలీలు, పనిలేనివాళ్ళు, ఊరి అంచున బతికేవాళ్ళు. గిడ్డంగులు బద్దలుకొట్టారు. పీపాల్లో ఉన్న సారా తాగారు. చేతికందిన సరుకులు మూటకట్టుకున్నారు. ఎక్కడో నిప్పంటుకుంది. సైన్యం రేవుని చుట్టుముట్టి, బయటికి పోయే దారులు మూసి కాల్చింది. వెనక మంట, ముందు తుపాకులు. కాలినవాళ్ళు, గుళ్ళు తగిలినవాళ్ళు, నీళ్ళల్లో పడ్డవాళ్ళు కలిసి చనిపోయినవాళ్ళ సంఖ్య వెయ్యి దాటిందని చరిత్రకారుల అంచనా. అంటే సినిమా చూపించినదానికన్నా నిజం చిన్నదేమీ కాదు. నిజమే ఘోరం.

మరి ఆ నిజాన్ని వదిలేసి మెట్లూ, తోపుడుబండీ ఎందుకు? ఇక్కడే నా మనసులో ముల్లు గుచ్చుకుంది.

కల్పనంటే నాకు కోపం లేదని ముందే మనవి చేసుకుంటున్నాను. కల్పన లేకపోతే మనకి వారపత్రికలే ఉండవు! పుదోవ్‌కిన్ 1926లో తీసిన 'మదర్' చూడండి. గోర్కీ రాసిన 'అమ్మ' నవల తెలుగులో చదివిన ఇళ్ళు మనలో ఎన్నో ఉన్నాయి. పుదోవ్‌కిన్ ఆ కథని బాగా మార్చాడు. సినిమాలో తల్లి, కొడుకుని వదిలేస్తారన్న ఆశతో, ఇంట్లో దాచిన ఆయుధాలు ఎక్కడున్నాయో తానే పోలీసులకి చూపిస్తుంది. వాళ్ళు కొడుక్కే శిక్ష వేస్తారు. చివరికి కొడుకు ఆమె చేతుల్లోనే చచ్చిపోతాడు. ఆమె కిందపడ్డ జెండా ఎత్తుకుని నిలబడుతుంది, గుర్రాలు ఆమెని తొక్కేస్తాయి. నవల్లో ఇవేవీ ఇలా లేవు. అయినా అధికారి మాట నమ్మి బిడ్డని కాపాడుకోబోయి బిడ్డనే పోగొట్టుకున్న ఆ తల్లి ఎంత నిజం! "తప్పయిపోయిందని చెప్పెయ్ నాన్నా, మాస్టారు ఏమీ అనరు" అని చెప్పి పిల్లవాణ్ణి బెత్తం ముందుకి నెట్టిన తల్లులకి అదెంత నిజమో తెలుస్తుంది.

అన్నట్టు, గోర్కీ కథకి ఆధారమైన తల్లి ఒకావిడ నిజంగా ఉంది. పేరు అన్నా జలోమొవా. ఆమె కొడుకు 1902లో సోర్మొవో అనే ఊళ్ళో మేడే ఊరేగింపులో జెండా పట్టుకున్నందుకు సైబీరియాకి పంపించేశారు. 1926లో ఈ సినిమా తల్లిని గుర్రాల కింద చంపేసేనాటికి అసలు తల్లి డెబ్బై ఏడేళ్ళ ముసలమ్మ, బతికే ఉంది! 1938 దాకా ఉంది. తెరమీద తల్లి జెండాతో చచ్చిపోయి అమరురాలయింది. అసలు తల్లి ఎలా బతికిందో, కొడుకు సైబీరియాలో ఉన్న ఏళ్ళలో పొయ్యిలోకీ పొయ్యిమీదికీ ఏం చేసిందో అడిగినవాళ్ళెందరు? చచ్చిపోయిన అమ్మకి పూలదండ వెయ్యడం సులువు. బతికున్న అమ్మకి నెలనెలా మందులు కొనిపెట్టడం కష్టం. ఇది ఒక్క రష్యా సంగతే కాదని మీకు వేరే చెప్పాలా?

అయినా పుదోవ్‌కిన్ మీద నాకు ఫిర్యాదు లేదు. అది కథ అని అందరికీ తెలుసు. నవల పేరు పెట్టుకునే వచ్చింది. పొటెంకిన్ సంగతి అలా కాదు. అది ఊరి పేరు, ఓడ పేరు, సంవత్సరం అన్నీ వేసుకుని, 'ఇదీ జరిగింది' అని ముందుకొచ్చింది. పైగా మూకీ సినిమా ఎంత గట్టిగా నమ్మిస్తుందో చూడండి. మనిషి మాట్లాడితే గొంతులో నటన దొరికిపోతుంది. మాట లేకపోతే మొహం ఒక్కటే మిగులుతుంది, ఆ మొహానికి గొంతు మనమే ఇస్తాం. ఆ తల్లి కేక మనకి వినపడదు. మన లోపలినుంచి మన గొంతుతోనే వస్తుంది. మన గొంతుని మనమెలా అనుమానిస్తాం?

దీనికి ఐసెన్‌స్టీనే రాసుకున్న ముచ్చట ఒకటుంది. ఓడమీద కాల్చిచంపబోయే నావికుల మీద పెద్ద టార్పాలిన్ గుడ్డ కప్పే దృశ్యం ఉంది సినిమాలో. అది అతను కల్పించిందే. నౌకాదళం సంగతులు తెలిసినవాళ్ళు, గుడ్డని మనుషుల మీద కప్పరయ్యా, డెక్ పాడవకుండా కాళ్ళకింద పరుస్తారు అని మొత్తుకున్నారట. అయినా అలాగే తీశాడు. సినిమా వచ్చాక ఒక పాత నావికుడు, ఆ గుడ్డ కింద నిలబడ్డవాళ్ళలో నేనూ ఒకణ్ణి, నాకూ వాటా రావాలి అని కోర్టుకెక్కాడట! చదివినప్పుడు నవ్వొచ్చింది. తర్వాత కొంచెం భయం కూడా వేసింది. జరగని సంగతి, జరిగినచోట ఉన్న మనిషి జ్ఞాపకంలోకే చొరబడి కుర్చీ వేసుక్కూచుంది. ఒడెస్సాలో ఆ మెట్లకి 1955లో 'పొటెంకిన్ మెట్లు' అనే పేరు పెట్టారు. రాత్రి చీకట్లో రేవు కూలీలు కాలిపోయిన చోటుకి మాత్రం అంత పేరు రాలేదు.

కన్నీళ్ళు పెట్టించే ఈ విద్య ఒక పక్షం సొత్తని కూడా అనుకోకండి. అమెరికాలో గ్రిఫిత్ 1921లో 'ఆర్ఫన్స్ ఆఫ్ ది స్టార్మ్' తీశాడు. ఫ్రెంచి విప్లవంలో చిక్కుకుపోయిన ఇద్దరు అక్కచెల్లెళ్ళ కథ, ఒకమ్మాయికి కళ్ళు లేవు. గిలెటిన్ కత్తి పడే క్షణానికి డాంటన్ గుర్రాల మీద వచ్చి కాపాడతాడు. నిజం డాంటన్ 1794లో అదే కత్తికి తల ఒప్పజెప్పాడు. గ్రిఫిత్ ఉద్దేశం, గుంపుని నమ్మకండి, రష్యాలోలా మన దేశంలో కానివ్వకండి అని. ఐసెన్‌స్టీన్ ఉద్దేశం, గుంపునే నమ్మండి అని. ఇద్దరూ చెప్పింది తలకిందుల మాటలు, ఇద్దరూ వాడుకున్నది మాత్రం నిస్సహాయురాలైన ఆడదాని మొహం. విప్లవాన్ని పొగడాలన్నా తల్లే కావాలి, తిట్టాలన్నా చెల్లెలే కావాలి. మన కన్నీళ్ళంటే సినిమావాళ్ళకి ఎంత చెల్లుబాటయ్యే నాణెమో!

ఇప్పుడు నా ముల్లు దగ్గరికొస్తాను. పొటెంకిన్ చేసిన తప్పు లేని తల్లిని చేర్చడం కాదనిపిస్తుంది నాకు. ఉన్నవాళ్ళని తీసెయ్యడం. కాలిపోయిన రేవు కూలీ తెరమీద లేడు. ఎందుకంటే అతను తాగి ఉన్నాడు. అతని చంకలో దొంగిలించిన గుడ్డల మూట ఉంది. అతని మొహం చూస్తే మనకి చప్పున ఏడుపు రాదు. చనిపోయినవాడు చక్కగా తలదువ్వుకుని, పసిబిడ్డనెత్తుకుని ఉంటేగానీ మనం కన్నీరు విడవమని దర్శకుడికి తెలుసు. తెలుసు గనకే మార్చాడు.

ఇంకో సంగతి. సినిమాలో ఒక పెద్దమనిషి యూదుల మీద విషం కక్కబోతే జనం అతన్ని చితకబాదుతారు. చూడటానికి ముచ్చటగా ఉంటుంది. కానీ ఆ 1905లోనే, అక్టోబరు నెలలో, అదే ఒడెస్సాలో యూదుల ఇళ్ళమీద పడి 400 మందికి పైగా చంపారు. ప్రజలంటే ఎప్పుడూ దేవుళ్ళే అని చూపిస్తే, ప్రజల చేతుల్లో చచ్చిపోయినవాళ్ళకి చోటుండదు. ఒకసారి తీసెయ్యడం అలవాటైతే ఎక్కడాగుతుంది? ఐసెన్‌స్టీన్ తర్వాత తీసిన 'అక్టోబర్' 1928లో విడుదలయ్యే లోపల పార్టీ ట్రాట్‌స్కీని వెళ్ళగొట్టింది. సినిమాలోంచి అతని దృశ్యాలు కత్తిరించాల్సొచ్చింది. రేవు కూలీకి జరిగిందే విప్లవ నాయకుడికీ జరిగింది.

ఇంత దూరదేశపు కథ నాకెందుకు పట్టిందంటారా? చెబుతాను. మా వీధి చివర గుడిసెలు ఒకసారి కాలిపోయాయి. మా వాటాల్లోని ఆడవాళ్ళం పాతచీరలూ బియ్యమూ డబ్బూ పోగుచేశాం. నెలల పిల్లనెత్తుకున్న ఒకమ్మాయికి అడక్కుండానే అందరూ ఇచ్చారు. మూడు దుప్పట్లు వచ్చాయి, ఆ పిల్లకి వెండి మువ్వలు కూడా వచ్చాయి. పక్కనే ఒకతను, తాగే మనిషి, తలమీద కప్పు కాలిపోయి నిలబడ్డాడు. "వాడికా? తాగి తనే తగలెట్టుకుని ఉంటాడు" అన్నారొకావిడ. మంట అతని గుడిసెలో పుట్టలేదు. అడిగితే తెలిసేదే. ఎవరూ అడగలేదు. అతనికి దక్కింది ఒక చిరుగు దుప్పటి. మంటకి ఇద్దరూ సమానమే. మన జాలికి మాత్రం సమానం కాలేకపోయారు.

మన జాలి పెళ్ళిచూపుల్లాంటిది. మొహం బావుండాలి, మాట మెత్తగా ఉండాలి, వంక ఉండకూడదు. మొగుడు కొట్టాడని ఏడుస్తూ వచ్చిన పనిమనిషికి కాఫీ ఇచ్చి కూర్చోబెడతాం. అదే మొగుణ్ణి ఎదురుతిట్టి, వీధిలో గొంతు చించుకుని, జుట్టు విరబోసుకుని వచ్చిందనుకోండి, "దీని నోరు తక్కువదా ఏమిటి" అంటాం. దెబ్బ అదే! మనకి నచ్చిన పద్ధతిలో ఏడవలేదని ఆ దెబ్బ విలువ తగ్గించేస్తాం.

ఇక్కడ మా తోడికోడలి పక్షాన నేనే వాదించాలి. రేవులో తాగిన కూలీని ఉన్నదున్నట్టు చూపించి ఉంటే ఆ సినిమా లోకాన్నింత కదిలించేదా? బ్రిటన్‌లో దాన్ని మామూలు హాళ్ళలో ఆడనివ్వడానికి సెన్సారువాళ్ళు 1954 దాకా ఒప్పుకోలేదు. ఒక తోపుడుబండికి అంత భయపడ్డారు! 1947లో కలకత్తాలో సత్యజిత్ రాయ్, ఆయన స్నేహితులు ఫిల్మ్ సొసైటీ పెట్టుకుని మొట్టమొదట వేసుకున్న సినిమా ఇదే. ఆ తల్లి మొహం లేకపోతే ఒడెస్సా అనే ఊరుందని, అక్కడ మనుషుల్ని కాల్చారని మా తోడికోడలికీ నాకూ తెలిసేదే కాదు. ఆ తల్లి లేకపోయినా ఆమె చూపించిన అన్యాయం ఉంది. అంతవరకూ శుక్రాచార్యులవారికి నేనూ ఓటేస్తాను.

కానీ ధర్మరాజు సంగతి గుర్తు తెచ్చుకోండి. ద్రోణాచార్యుల ముందు అశ్వత్థామ చనిపోయాడని గట్టిగా అని, ఏనుగు అన్నమాట నోట్లో గొణుక్కున్నాడు. యుద్ధం గెలవడానికి పనికొచ్చింది. అయినా అంతవరకూ నేలకి నాలుగంగుళాల ఎత్తున నడిచే ఆయన రథం ఆ క్షణంలో నేలకి దిగింది. పని జరిగింది గదా అని రథం మళ్ళీ పైకి లేవలేదు. మంచిపనికి ఆడిన అబద్ధానికి పాపం లేకపోవచ్చు, వెల మాత్రం ఉంటుంది. సినిమాలో గొణిగేసిన మాట రేవు కూలీ.

ఆ వెల సినిమా తీసినవాడే కట్టాలంటే కుదరదు. చూసినవాళ్ళం మనమూ కట్టాలి. పొటెంకిన్ సినిమా విజయంతో ముగుస్తుంది. మిగతా ఓడలు కాల్చకుండా దారిస్తాయి, టోపీలు గాల్లోకి ఎగురుతాయి. అసలు ఓడ పదకొండు రోజులు తిరిగి, బొగ్గూ తిండీ అయిపోయి రుమేనియా రేవులో లొంగిపోయింది. నాయకుడు మత్యుషెంకో 1907లో రష్యాకి తిరిగొచ్చి పట్టుబడ్డాడు, ఉరితీశారు. ఇంకో నావికుడు, ఇవాన్ బెషాఫ్, ఐర్లండ్ చేరి డబ్లిన్‌లో చేపలూ బంగాళాదుంపలూ వేయించి అమ్మే దుకాణం పెట్టుకున్నాడు. వందేళ్ళు దాటి బతికి 1987లో పోయాడు. తిరుగుబాటుదారుల్లో ఆఖరివాడతనే అంటారు. వాళ్ళ కథ పురుగుల మాంసంతో మొదలైంది. ఇతను నాలుగు పొట్టలకి శుభ్రమైన తిండి వేయించి పెడుతూ బతుకు గడిపాడు. దీనికి టోపీలు ఎగరెయ్యక్కర్లేదు గానీ తల ఊపొచ్చు.

మా తోడికోడలికి నేను చివరికిచ్చిన జవాబు ఇదీ: కన్నీటికి సాక్ష్యం అక్కర్లేదమ్మా, ఏడువు. కానీ కళ్ళు తుడుచుకున్నాక ఒక్క ప్రశ్న వేసుకో. ఈ తల్లి కోసం ఏడ్చాను సరే, ఆమెని చూపించడం కోసం పక్కకి తోసేసింది ఎవరిని? వాళ్ళ మొహాలు బావుండకపోవచ్చు. నోటికి కంపు కొట్టొచ్చు. చంకలో మూట వాళ్ళది కాకపోవచ్చు. దొంగతనానికి వెయ్యాల్సిన శిక్ష వేరు, మంటకీ తుపాకీకీ మధ్య నిలబెట్టి చంపడం వేరు. ఆ రెండిటికీ తేడా కనిపెట్టగలిగిననాడే మనకి న్యాయం కొంచెం తెలిసినట్టు. అందంగా ఏడ్చేవాళ్ళ మీద జాలిపడటానికి మనకి న్యాయం తెలియనక్కర్లేదు, కళ్ళుంటే చాలు.

ఆవిడ కాసేపాలోచించి, "అయితే ఆ తాగుబోతాయనకి ఇంకో దుప్పటి ఇచ్చి ఉండాల్సిందంటారా?" అంది.

కొత్తదే ఇచ్చి ఉండాల్సింది అన్నాను. మీరేమంటారు?